వాల్వు మీద ఎర్ర పీలిక

ట్యాంకు మూత తీయగానే గుప్పుమన్న ఆ కంపు కిందటివారం ఈ కథ మొదటిభాగం చదివినవాళ్ళ ముక్కుల్లోంచి ఇంకా పోయి ఉండదు. ఆ ఇంట్లోవాళ్ళకైతే అసలే పోలేదు. ఎండాకాలమంతా రేకుల కప్పు మీద పేరుకున్న పొయ్యిమసినీ, పక్షిరెట్టలనీ, దుమ్మునీ తొలివాన కడిగి, తిన్నగా తాగేనీళ్ళలోకి తెచ్చి పోసింది. కరెంటు తీగ గానీ కుళాయి గొట్టం గానీ ఎక్కిరాని ఆ కొండవాలు మీద ఆ ట్యాంకే వాళ్ళకి ప్రాణం.

తొలివాన పడేటప్పుడు కప్పు మీదినుంచి దిగే గొట్టానికున్న వాల్వు పిడిని అడ్డంగా తిప్పాలి. మురికంతా బయటికి పోతుంది. కప్పు కడుక్కున్నాక నిలువుగా తిప్పి మంచినీళ్ళని ట్యాంకులోకి వదలాలి. పని అంతే. ఆ వాల్వు చిన్నకోడలి బాధ్యత. వాన వచ్చేసరికి ఆమె కింద మేకల దగ్గరుంది. తప్పు ఆమెదేనని అందరూ అనుకున్నారు. ఆమె కూడా కాదనలేదు.

ట్యాంకు ఖాళీ చేసి, లోపలికి దిగి, సున్నం పట్టించి గోడలు తోమింది కూడా ఆమే. లోపల్నుంచి ఆ బ్రష్షు గీకుడు వినిపించినంతసేపూ పెద్దకోడలు వంటింట్లో కూర్చోలేకపోయింది, బయట నిలబడలేకపోయింది.

ఆ రోజు నుంచీ వాగు నుంచి డబ్బాలతో నీళ్ళు మోసుకుంటున్నారు. మరిది ముఖం ఎత్తడం మానేశాడు. చివరికి నిన్న భోజనాల దగ్గర, "పట్నంలో నా స్నేహితుడి షెడ్డులో పని ఖాళీ ఉందట అన్నయ్యా. మేం వెళ్ళిపోతాం. మీ మీద బరువుగా ఉండి, ఉన్న నీళ్ళు కూడా పాడుచేశాం," అన్నాడు. పెద్దకోడలి మొగుడు, ఇంటికి పెద్దాయన, పళ్ళెంకేసి చూస్తూ "ఆలోచించుకో," అన్నాడు.

ఆలోచించుకోవడం అయిపోయింది. ఈ పొద్దున అన్నదమ్ములిద్దరూ పెట్టె మోసుకుని, జీపు వచ్చి ఆగే మలుపు దాకా దిగారు. ఇంట్లో తోటికోడళ్ళు ఇద్దరే మిగిలారు.

పెద్దకోడలు వేడి టీ గ్లాసుని రెండు చేతులా పొదివిపట్టుకుని బల్ల దగ్గర కూర్చుంది. కొన్నాళ్ళుగా ఆమెకి అది అలవాటు. టీ చల్లారేదాకా గ్లాసు వదలదు. పెరట్లో చిన్నకోడలు అటూ ఇటూ తిరుగుతున్న చప్పుడు వింటోంది.

ఆ చప్పుడేమిటో ఆమెకి చూడకుండానే తెలుసు. పీలికలు విప్పుతోంది.

పీలికల పద్ధతి పెట్టింది పెద్దకోడలే. వీళ్ళు మొదట ఇక్కడికి వచ్చినప్పుడు మొగుడూ పెళ్ళాం ఇద్దరే. స్విచ్చి ఆయన ఆపాడని ఆమె, ఆమె ఆపిందని ఆయన అనుకుని సోలార్ బ్యాటరీలు రెండుసార్లు చచ్చిపోయాయి. కొడవలి ఎక్కడ పెట్టావంటే నువ్వే పెట్టావని రోజూ పోట్లాటే. దాంతో ఆమె పాత నీలం దుప్పటి ఒకటి చింపి పీలికలు చేసింది. ఏ పనిముట్టు పిడికి నీలం పీలిక ఉంటే అది తన బాధ్యత. ఇంకొకరు అడక్కుండా ముట్టుకోకూడదు. పని చెడితే జవాబు చెప్పాల్సింది పీలిక ఎవరిదైతే వాళ్ళే. ఆయన సామాన్లకి నల్ల పీలికలు కట్టింది. అప్పట్నుంచి పోట్లాటలు ఆగిపోయాయి. పాలగిన్నె, గొడ్డలి, రొట్టెపిండి తొట్టి, రంపం, నీళ్ళ వాల్వు, ఎటు చూసినా నీలమే. ఎప్పుడైనా ఇంటి చుట్టూ ఒకసారి తిరిగి చూసుకుంటే ఆమెకి కడుపు నిండిపోయేది. చదువుకునే రోజుల్లో సూదిలో దారం ఎక్కించలేవని అమ్మ చేత తిట్లు తిన్న మనిషి, మేకపాలు పిండి, గోడకి మట్టి మెత్తి, తన ఇంటికి తానే నీళ్ళు పట్టుకుంది.

కిందటేడు ఎండలకి ముందు మరిది పనిచేసే షెడ్డు మూతపడింది. పెద్దాయన వాళ్ళని రమ్మని కబురు చేశాడు. చిన్నకోడలు గోళ్ళకి రంగుతో దిగింది. వచ్చిన రోజే సెల్‌ఫోనూ, జుట్టారబెట్టుకునే యంత్రమూ కలిపి తగిలించి ఇల్లంతా చీకటి చేసింది. "మా ఆవిడ పొయ్యి వెలిగించడానికి రిమోట్ ఎక్కడుందని అడిగింది వదినా," అని మరిది నవ్విస్తే, పెద్దకోడలు అందరికంటే ఎక్కువ నవ్వింది. ఎంతో ప్రేమగా నేర్పింది కూడా. నేర్చుకునేవాళ్ళు మొద్దుల్లా ఉన్నంతకాలం నేర్పడం ఎంత హాయిగా ఉంటుందో!

కానీ ఆ పిల్ల మొద్దు కాదు. మేక మొదటివారం తన్నింది, రెండోవారం ఆమె భుజం మీద తల పెట్టింది. "చూశావా, నీ దగ్గర ఒక్కనాడైనా ఇలా నిలబడిందా?" అని పెద్దాయన పెళ్ళాన్ని ఆటపట్టించాడు. ఆ సాయంత్రమే పాలగిన్నెకున్న నీలం పీలిక విప్పి ఎర్రది కట్టాడు. మరిది వాళ్ళ గదికి వేసిన పాత పరదా చింపిన పీలిక అది. తర్వాత గొడ్డలికి. తర్వాత పిండితొట్టికి. ప్రతిసారీ ఒకటే మాట: "అమ్మాయికి పనొచ్చేసింది. నువ్వు కాస్త ఊపిరి పీల్చుకో."

ఊపిరి పీల్చుకోమనడం! తన ఊపిరి ఆ పీలికల్లోనే ఉందని ఆయనకి తెలియదా? ఎర్రపీలిక కనపడ్డ చోటల్లా ఆమెకి చెంప చెళ్ళుమన్నట్టుండేది. చిన్నకోడలు చేసిన రొట్టె అందరూ మెచ్చుకుంటూ తింటుంటే ఆమెకి గొంతు దిగేది కాదు. కుదరలేదని చెప్పడానికి ఒక్క మాడిన మచ్చ కూడా దొరికేది కాదు. రాత్రి అటు తిరిగి పడుకుని, ఆ పిల్ల ఏం చేయలేదో లెక్కపెట్టుకునేది. ఆ లెక్క రోజురోజుకీ తరిగిపోయింది.

చివరికి వాల్వు మీది పీలిక కూడా మారింది.

"అక్కా."

చిన్నకోడలు గుమ్మంలో నిలబడి ఉంది. చేతిలో ఎర్రపీలికల కుప్ప. దాన్ని బల్ల మీద పెట్టింది.

"అన్నీ విప్పేశాను. లెక్క చూసుకో. తర్వాత ఏదో పట్టుకుపోయిందనుకోకుండా."

"చిరిగిన గుడ్డలు పట్టుకుపోయేంత పిచ్చిదానివి కాదులే."

"ఏమో. ఇవి కట్టిన రోజున మాత్రం పిచ్చిదానిలాగే ఏడ్చాను. సంతోషంతో." చిన్నకోడలు కుర్చీ లాక్కుని ఎదురుగా కూర్చుంది. "మా ఇంట్లో నన్నెప్పుడూ ఒక పని పూర్తిగా చేయనివ్వలేదక్కా. 'నీకు రాదు, పక్కకి జరుగు' అనేవాళ్ళు. నాకు పనొచ్చని మొదటిసారి చెప్పింది బావగారే."

పెద్దకోడలు గ్లాసుని ఇంకాస్త దగ్గరికి లాక్కుంది. "జీపు వచ్చే వేళయింది."

"వెళ్తాను. ఒక్కటి అడిగి వెళ్తాను. వాన పడిన రోజు నేను తడిసిపోయి పరిగెత్తుకొచ్చాను కదా, గుమ్మంలో నువ్వు నాకు తువ్వాలు ఇచ్చావు. గుర్తుందా?"

"ఇవ్వకూడదా? జ్వరం వస్తే మళ్ళీ నేనేగా చేయాల్సింది."

"ఆ తువ్వాలు పొడిగా ఉంది."

"తడి తువ్వాలు ఇస్తారా ఎవరైనా?"

"ఆ తువ్వాలు పొద్దున నేనే ఉతికి ఆరేశాను అక్కా. దండెం మీద. ఇంకో పది బట్టలతోపాటు. అన్నీ పొడిగా, మడతపెట్టి మంచం మీద ఉన్నాయి. ఒక్క చుక్క పడలేదు." చిన్నకోడలు గొంతు పెంచలేదు. "దండెం వెనకస్తంభానికి కట్టి ఉంది. వాల్వూ అదే స్తంభానికి ఉంది. బట్టలు తీస్తున్నప్పుడు నీ మోచెయ్యి దానికి తగిలి ఉంటుంది."

గ్లాసులో టీ మీద మీగడ కట్టింది. పెద్దకోడలు దాన్నే చూస్తూ కూర్చుంది.

"అంటే ఇన్నాళ్ళూ తెలిసే ఊరుకున్నావన్నమాట."

"మొదట్లో తప్పు నాదే అనుకున్నాను. పొద్దున్నే తిప్పిపెట్టి ఉండాల్సింది, ఆకాశం తెల్లగా ఉంది కదా అని బద్ధకించాను. ట్యాంకులో దిగి తోముతున్నప్పుడు తువ్వాలు గుర్తొచ్చింది. బ్రష్షు పక్కన పడేసి అక్కడే కూర్చుండిపోయాను. నువ్వు కాదనుకోవడానికి ఎన్ని రకాలుగా ఆలోచించానో నాకే తెలుసు." ఆమె కళ్ళలో నీళ్ళు లేవు. ఉంటే బాగుండుననిపించింది పెద్దకోడలికి. "అరిస్తే వచ్చేదాన్ని కదక్కా. వసారాలో ఇనపరేకు వేలాడుతోంది, నాలుగు దెబ్బలు కొడితే వాగుదాకా వినబడుతుంది. అదైనా కొట్టలేదే."

పెద్దకోడలి దగ్గర రెండు జవాబులున్నాయి.

ఒకటి నిజం. ఆ రోజు బట్టలు తీసుకుని చూరు కిందికి జరగగానే మొదటి చినుకులు పడ్డాయి. వాల్వు పిడి నిలువుగా ఉందని ఆమె చూసింది. చెయ్యి దాకా వెళ్ళింది, వెళ్ళి ఆగిపోయింది. ఎందుకంటే దాన్ని తిప్పే బలం తన వేళ్ళకి లేదు. వేళ్ళ కణుపులు ఉబ్బి, ఉదయాల్లో పిడికిలి ముడవడం కూడా కష్టమై చాలాకాలమైంది. పాలగిన్నె జారిపోవడం, గొడ్డలి ఎగిరి పక్కన పడటం ఆమె ఒక్కతికే తెలుసు. మేక ఆ పిల్లకి మాలిమి అయిందన్నది ఆమెకి మంచి సాకుగా దొరికింది. వాల్వుతో మాత్రం ఒకసారి ఎవరూ లేనప్పుడు పెనుగులాడి, ఓడిపోయి, అరచెయ్యి ఒరుసుకుపోయి, పొయ్యి దగ్గర కాలిందని చెప్పింది.

తిప్పలేకపోయింది, సరే. మరి ఇనపరేకు ఎందుకు కొట్టలేదు? కర్రతో కొట్టడానికి వేళ్ళతో పనేముంది? ఆ ప్రశ్నకి తనకి తాను కూడా జవాబు చెప్పుకోలేదు. ఎర్రపీలిక మీద చినుకులు పడి అది ముదురురంగుకి తిరగడం చూస్తూ నిలబడింది. 'పీలిక నాది కాదు' అనుకుంది. గొట్టంలోంచి నల్లటి నీళ్ళు లోపలికి పోతున్న చప్పుడు వింటూ, బట్టలు గుండెకి హత్తుకుని, లోపలికి వచ్చేసింది. ఆ క్షణంలో ఆమెకి భయం వేయలేదు. హాయిగా ఉంది.

రెండో జవాబు ఆ హాయి.

చేతులు చూపిస్తే ఈ పిల్ల లేచి వచ్చి ఆ వేళ్ళని పట్టుకుంటుంది. 'అయ్యో అక్కా' అంటుంది. నూనె రాస్తానంటుంది. ఆ జాలి తలుచుకుంటేనే ఒళ్ళు జలదరించింది. చెడ్డదాన్ననుకో, పడతాను. చేతకానిదాన్ననుకుంటే మాత్రం పడలేను.

"అవును," అంది పెద్దకోడలు తలెత్తి. "చూస్తూ నిలబడ్డాను. తిప్పలేదు. పిలవలేదు. పీలిక నీది కదా, నువ్వే చూసుకుంటావనుకున్నాను. ఇంకేం కావాలి?"

"ఎందుకు?"

"ఎందుకా? నా వంటింట్లో నా పొయ్యి మీద నువ్వు చేసిన రొట్టె తింటూ మా ఆయన 'ఇన్నేళ్ళలో ఇలాంటి రొట్టె తినలేదు' అన్నాడు. ఆ మాట విన్నావుగా? విని తల వంచుకుని నవ్వావుగా? అందుకు."

చిన్నకోడలు తెల్లబోయి చూసింది. తర్వాత మెల్లిగా లేచి, గుమ్మం పక్కనున్న సంచీ భుజానికి తగిలించుకుంది.

"ఆ రొట్టె నువ్వు నేర్పిందే అక్కా," అంది. "బావగారు అలా అన్నప్పుడు నీ ముఖం కేసే చూశాను. నువ్వు కూడా నవ్వుతావేమోనని."

ఆమె దిగిపోయింది. చెప్పుల చప్పుడు రాళ్ళ మీద కాసేపు వినబడి ఆగిపోయింది.

కోరుకున్నదంతా జరిగినట్టే. ఇల్లు తనది, పెరడు తనది, పీలికలన్నీ మళ్ళీ తనవి. పెద్దకోడలు తన పెట్టెలోంచి ఒక నీలం పీలిక తీసింది. ముందు దేనికి కట్టాలో ఆలోచించనక్కర్లేకపోయింది. వెనకస్తంభం దగ్గరికి వెళ్ళి వాల్వు పిడికి చుట్టింది. ముడి వేయబోతే వేళ్ళు మాట వినలేదు. ఒక కొస పళ్ళతో పట్టి లాగింది. ముడి పడినట్టే పడి జారిపోయింది. చుట్టు మాత్రం నిలిచింది. దూరం నుంచి చూస్తే కట్టినట్టే ఉంది. చాలనుకుంది.

మొదటి చుక్క ఆమె మెడ మీద పడింది.

తలెత్తేలోగానే వాన కమ్ముకొచ్చింది. రేకులు ఒక్కసారిగా మోతెత్తిపోయాయి. ఈసారి పిడి అడ్డంగానే ఉంది, ట్యాంకు తోమాక చిన్నకోడలే అలా తిప్పిపెట్టి వెళ్ళింది. మురికినీళ్ళు బయటి గొట్టంలోంచి నేల మీదికి దూకాయి. పెద్దకోడలు గాజుగ్లాసు తెచ్చి కింద పట్టింది. నల్లగా ఉన్నాయి. పారబోసి మళ్ళీ పట్టింది. డికాషన్ రంగు. మళ్ళీ పట్టింది. పల్చటి టీ. ఇంకోసారి పట్టి వెలుగుకెత్తి చూసింది. గ్లాసు అవతల కొండ స్పష్టంగా కనిపించింది.

ఇక తిప్పాలి.

కుడిచెయ్యి వేసింది. పిడి కదల్లేదు. రెండు చేతులూ వేసింది. కణుపుల్లో సూదులు గుచ్చినట్టయింది. కొంగుచివర చుట్టి పట్టుకుంది, గుడ్డ తిరిగింది గానీ పిడి తిరగలేదు. మోచేత్తో నెట్టింది. రాయితో కొడదామనుకుంది, గొట్టం పగిలితే అదీ పోతుంది. ఎదురుగా తోమి ఆరబెట్టిన ట్యాంకు ఖాళీగా నోరు తెరుచుకుని ఉంది. అద్దంలాంటి నీళ్ళు కాళ్ళ పక్కనుంచి బురదలో కలిసి వాలు దిగిపోతున్నాయి. రేపు తాగాల్సిన నీళ్ళు. ఎల్లుండి మేకలకి పెట్టాల్సిన నీళ్ళు. వాన ఎంతసేపుంటుందో ఎవరు చెప్పగలరు?

పిడికి చుట్టిన నీలం పీలిక తడిసి, ఊడి, నీళ్ళతోపాటు కొట్టుకుపోయింది.

ఆమె వసారా కేసి చూసింది. ఇనపరేకు గాలికి కొంచెం ఊగుతోంది. కొడితే మలుపు దాకా వినబడుతుంది. వస్తారు. వచ్చి ఎందుకు పిలిచావంటారు. అప్పుడేం చెప్పాలి?

ఆమె ఇంకోసారి పిడి పట్టుకుని, పళ్ళు బిగబట్టి, ఒంట్లో ఉన్న బలమంతా పెట్టి లాగింది. చెయ్యి జారి మోకాళ్ళ మీద పడింది.

లేచి, వసారాలోకి వెళ్ళి, కర్రని రెండు మణికట్ల మధ్య ఇరికించుకుని ఇనపరేకు కొట్టింది. ఒకసారి కొట్టాక ఆపలేకపోయింది.

ముందు వచ్చింది చిన్నకోడలే. సంచీ ఎక్కడో పారేసి, బురదలో జారుకుంటూ ఎక్కి వచ్చింది. బయటికి దూకుతున్న తేటనీళ్ళు చూసింది, నిలబడి ఉన్న పెద్దకోడల్ని చూసింది. ముఖం బిగుసుకుపోయింది. దండెం దగ్గరే ఆగిపోయింది.

"మళ్ళీ చూస్తూ నిలబడ్డావా? ఈసారి పీలిక కూడా నాది కాదు కదక్కా. తిప్పు!"

పెద్దకోడలు వాల్వు దగ్గరికి వెళ్ళి, ఆ పిల్ల కళ్ళ ముందే, రెండు చేతులూ పిడి మీద వేసింది. ఇన్నాళ్ళూ టీ గ్లాసు చాటున దాచుకున్న వేళ్ళు. వంకరపోయి, కణుపులు ఎర్రగా ఉబ్బి ఉన్నాయి. బిగించింది. అవి పిడి చుట్టూ తిరగను కూడా లేదు.

చిన్నకోడలు దగ్గరికి వచ్చింది. తన చెయ్యి పిడి మీద పెట్టబోయి, ఆ వేళ్ళని చూసి ఆగింది.

"ఇది... ఎన్నాళ్ళ నుంచి అక్కా?"

"మీరు రాకముందు చలికాలం నుంచి," అన్నాడు వెనకనుంచి పెద్దాయన.

వానలో ఎప్పుడొచ్చాడో వచ్చి నిలబడ్డాడు. రొప్పుతున్నాడు. పెద్దకోడలు వెనక్కి తిరగలేదు. ఆమె వీపు మాత్రం కర్రలా బిగిసింది. ఆయనకి తెలుసు. జారిపోయిన పాలగిన్నె తెలుసు, ఒరుసుకుపోయిన అరచెయ్యి పొయ్యి దగ్గర కాలింది కాదని తెలుసు.

"తనంతట తాను చెబుతుందని చూశానమ్మాయ్. చెప్పలేదు," అన్నాడాయన. "అడిగితే విరిగిపోతుందని అడగలేదు. ఒక్కొక్క పనీ చేతిలోంచి మెల్లిగా తీసేస్తూ వచ్చాను. ఆ పీలికలు అందుకే..."

మాట మధ్యలో ఆగిపోయాడు, చిన్నకోడలి ముఖం చూసి.

ఆమె చెయ్యి పిడి మీదికి వెళ్ళింది వెళ్ళినట్టే ఉండిపోయింది. తర్వాత మెల్లిగా వెనక్కి వచ్చేసింది.

"అంటే బావగారూ," అంది చిన్నకోడలు, గొంతు వాన చప్పుడులో సరిగా వినబడకుండా, "నాకు పనొచ్చిందని కాదా మీరవి కట్టింది?"

ముగ్గురూ వాల్వు చుట్టూ నిలబడే ఉన్నారు. నీళ్ళు బయటికి పోతూనే ఉన్నాయి.